బటన్ నొక్కడం వేరు, తీగ పీకడం వేరు

మా పక్క ఫ్లాటులో ఉండే పెద్దాయన నెల క్రితం నాకొక వాట్సాప్ సందేశం పంపి, కింద "మన కారు విషయంలో అక్షరాలా నిజం" అని రాశారు. సిగ్నల్ దగ్గర కారు ఆగగానే ఇంజిన్‌ను తనంతట తానే ఆపి, క్లచ్ తొక్కగానే మళ్లీ స్టార్ట్ చేసే 'స్టార్ట్-స్టాప్' ఏర్పాటు గురించి ఆ సందేశం. కొత్త కార్లు కొన్నవారిలో చాలామందికి అది ఈపాటికి చేరే ఉంటుంది. ఒక్క స్టార్టుకు ఐదు నిమిషాల ఐడ్లింగ్ (కారు కదలకుండా ఇంజిన్ ఊరికే తిరగడం) అంత పెట్రోలు ఖర్చవుతుందట. స్టార్టర్ మోటారు రెండేళ్లలో కాలిపోతుందట. బ్యాటరీ ఏడాదికే పోతుందట. ఆయిల్ అందక బేరింగులూ, ఇంజిన్‌లోకి గాలిని ఒత్తిడితో నెట్టే టర్బో అరిగిపోతాయట. అమెరికా దీన్ని ఇప్పటికే నిషేధించిందట. కంపెనీలు కాగితం మీద మైలేజీ చూపించుకోవడానికే దీన్ని పెట్టాయట. కాబట్టి బ్యాటరీ నెగటివ్ టెర్మినల్ మీద ఉన్న చిన్న ప్లగ్గు పీకేస్తే పీడ శాశ్వతంగా వదులుతుందన్నది చివరి సలహా.

ఈ ఏర్పాటుకు నేను వకాల్తా పుచ్చుకోవడం లేదు. మే నెల మధ్యాహ్నాల్లో కారెక్కగానే దాన్ని నేనూ ఆపేస్తాను. అయితే ఈ సందేశంలో పాతకాలపు నిజాలు, సగం నిజాలు, శుద్ధ అబద్ధాలు ఒకే గంపలో ఉన్నాయి. చివరి సలహా మాత్రం డబ్బు నష్టం తెచ్చే సలహా. అందుకే ఒక్కొక్కటిగా విడదీసి చూడవలసి వస్తోంది.

పెట్రోలు లెక్కతో మొదలుపెడదాం. ఈ మాటకు ఒకప్పుడు ఆధారం లేకపోలేదు. అంబాసిడర్, ప్రీమియర్ పద్మినిల కాలంలో చోక్ లాగి, యాక్సిలరేటర్ నాలుగుసార్లు తొక్కి, చల్లబడిన ఇంజిన్‌ను బతిమాలి లేపేవారు. ఆ తంతులో కొంత పెట్రోలు మండకుండానే సైలెన్సర్ గుండా బయటికి పోయేది. ఇప్పటి ఇంజిన్‌లో ఎంత పెట్రోలు చిమ్మాలో కంప్యూటరు లెక్కగడుతుంది. పైగా సిగ్నల్ దగ్గర ఆగిన ఇంజిన్ అప్పటికే వేడిగా ఉంటుంది కనుక అదనంగా పోయవలసిన అవసరం దాదాపుగా ఉండదు. అమెరికాలో షికాగో సమీపంలోని ఆర్గాన్ జాతీయ ప్రయోగశాల కొలిచి తేల్చిన ప్రకారం, 10 సెకన్లకు మించి ఇంజిన్‌ను ఊరికే తిప్పితే, ఆపి మళ్లీ స్టార్ట్ చేసినదానికంటే ఎక్కువ ఇంధనం ఖర్చవుతుంది. సందేశం చెప్పే ఐదు నిమిషాలకూ ఈ 10 సెకన్లకూ ముప్పై రెట్ల తేడా ఉంది.

మన ఊళ్ల లెక్కలోకి వద్దాం. చిన్న పెట్రోలు ఇంజిన్ ఏసీ లేకుండా నిలబడి తిరుగుతూ గంటకు సుమారు 0.6 లీటరు తాగుతుందనుకుంటే, హైదరాబాదులో ఆఫీసుకు వెళ్లి వచ్చేలోపు సిగ్నళ్ల దగ్గర 20 నిమిషాలు ఆగేవారికి రోజుకు 0.2 లీటరు, ఏడాదిలో 300 రోజులకు 60 లీటర్లు వృథా అవుతుంది. లీటరు 107 రూపాయల చొప్పున అది 6,420 రూపాయలు. ఏసీ కోసం ఇంజిన్ మధ్యలో లేవడం, కొన్నిసార్లు అసలు ఆగకపోవడం వంటివాటికి సగం తీసేసినా మూడు వేల పైచిలుకు మిగులుతుంది. ఇదేమీ కొండంత సొమ్ము కాదు, అలాగని నష్టమూ కాదు. సూర్యాపేట నుంచి ఖమ్మానికి ఆగకుండా వెళ్లేవారికి మాత్రం మిగిలేది సున్నా. జానెడు కదిలి మూడు సెకన్లు ఆగి మళ్లీ జానెడు కదిలే ట్రాఫిక్‌లో సందేశం మాటే కొంత నిజమవుతుంది; కాని అక్కడ గేరు న్యూట్రల్‌లో పెట్టి క్లచ్ వదిలితే తప్ప మాన్యువల్ కారులో ఇంజిన్ ఆగదు, ఆ ట్రాఫిక్‌లో ఎవరూ అలా వదలరు.

స్టార్టర్ మోటారు సంగతి త్వరగా ముగించవచ్చు. పాత కారు స్టార్టరును ఇలా రోజుకు పాతికసార్లు తిప్పితే అది త్వరగా అరిగిపోయే మాట నిజమే, కాని ఈ ఏర్పాటున్న కారులో ఉండేది ఆ స్టార్టరు కాదు. సాధారణ స్టార్టరును కొన్ని పదుల వేల స్టార్టులకు తయారుచేస్తే, దీన్ని రెండు మూడు లక్షల స్టార్టులకు తగినట్లు గట్టి బ్రష్‌లతో, గట్టి పళ్లతో తయారుచేస్తారు. రోజుకు 25 చొప్పున ఏడాదికి 300 రోజులు, పదేళ్లు తిరిగినా అయ్యేది 75,000 స్టార్టులే. 2015లో సియాజ్ డీజిల్‌తో మారుతి తెచ్చిన స్మార్ట్ హైబ్రిడ్ వంటి ఏర్పాట్లలోనైతే వేడి ఇంజిన్‌ను లేపే పని బెల్టుతో తిరిగే జనరేటరే చేస్తుంది. పళ్లు పళ్లకు తగిలే ప్రసక్తే ఉండదు. ఇదంతా నిన్నమొన్నటి ప్రయోగం కూడా కాదు. జపాన్‌లో టొయోటా 1974లోనే క్రౌన్ కారులో దీన్ని పెట్టి చూసింది, ఇటలీలో ఫియట్ 1983లో రెగాటాలో అమ్మింది. మన దగ్గర 2014 నాటి హీరో స్ప్లెండర్ ఐస్మార్ట్ బైకు న్యూట్రల్‌లో ఆగి, క్లచ్ పట్టగానే లేచేది. అప్పుడు స్టార్టర్ కాలిపోతుందని ఎవరూ సందేశాలు పంపలేదు.

బ్యాటరీ విషయం మాత్రం నిదానంగా చూడాలి, ఎందుకంటే మా పక్కింటాయన "అక్షరాలా నిజం" అన్నది దీన్ని గురించే. ఆయన కారుకు కంపెనీ ఇచ్చిన బ్యాటరీ నాలుగేళ్లు పనిచేసింది. అది పోయాక మార్చిన బ్యాటరీ పద్నాలుగు నెలలకే చేతులెత్తేసింది. "చూశావా, ఈ ఆగడం లేవడం వల్లే" అని ఆయన అంటే, బానెట్ ఎత్తి టార్చి వేసి చూశాను. పాత బ్యాటరీ రసీదు ఆయన డ్యాష్‌బోర్డు అరలో భద్రంగా ఉంది. దాని మీద ఈఎఫ్‌బీ అని ఉంది. కొత్త బ్యాటరీ లేబులు మీద ఆ మూడక్షరాలు లేవు. షాపువాడు కొలతలు సరిపోయే మామూలు బ్యాటరీని, రెండు వేలకు పైగా తక్కువ ధరకు బిగించి పంపాడు.

ఆ మూడక్షరాలలోనే అసలు తేడా ఉంది. మామూలు లెడ్-యాసిడ్ బ్యాటరీ ఇంజిన్‌కు ఒక్క ఊపు ఇచ్చి, ఆ తరువాత ఎప్పుడూ నిండుగా ఉండేలా తయారైనది. సిగ్నల్ దగ్గర ఇంజిన్ ఆగినప్పుడు లైట్లు, బ్లోయరు, మ్యూజిక్ అన్నీ బ్యాటరీ మీదే నడుస్తాయి. అది కొంత ఖాళీ అయి, కొంత నిండి, మళ్లీ ఖాళీ అవుతూ సగం నిండిన స్థితిలోనే రోజులు గడుపుతుంది. ఆ స్థితిలో మామూలు బ్యాటరీ పలకల మీద సల్ఫేటు పేరుకుని, దాని సామర్థ్యం నెలనెలా తరిగిపోతుంది. ఈఎఫ్‌బీ, దానికంటే ఖరీదైన ఏజీఎం రకాలను ఈ ఖాళీ కావడం, నిండడం తట్టుకునేలా తయారుచేస్తారు. అందువల్ల ఏడాదికే పోయిందన్న అనుభవం చాలాచోట్ల అబద్ధం కాదు, దానికి చెప్పే కారణమే తప్పు. మన ఎండలు ఏ రకం బ్యాటరీ ఆయుష్షునైనా తగ్గిస్తాయన్నది వేరే సంగతి. అయితే ఒకటి ఒప్పుకోవాలి: నాలుగేళ్లకోసారి ఈఎఫ్‌బీకి అదనంగా పెట్టే రెండు మూడు వేలను పైన వేసిన పెట్రోలు లెక్కలోంచి తీసేయాలి. అలా తీసేసినా నగరంలో తిరిగేవారికి మిగులే. ఊళ్లో నెలకు రెండుసార్లు కారు తీసేవారికి మాత్రం నష్టమే.

ఇక ఆయిల్, బేరింగులు, టర్బో. ఇంజిన్ ఎక్కువగా అరిగేది రాత్రంతా నిలిచి, ఆయిల్ అంతా కిందికి జారిపోయాక ఉదయం చేసే మొదటి స్టార్టులో. సిగ్నల్ దగ్గర నిమిషం ఆగినప్పుడు బేరింగుల మీది ఆయిల్ పొర పూర్తిగా జారిపోదు, లేవగానే పంపు నుంచి ఒత్తిడి వెంటనే అందుతుంది. అయినా స్టార్టుల సంఖ్య పెరిగింది కనుక ఆ మేరకు ఒరిపిడి పెరుగుతుందన్నది కాదనలేని మాట; అందుకే ఇలాంటి కొన్ని ఇంజిన్లలో పాలిమర్ పూత వేసిన బేరింగులు వాడుతున్నారు.

టర్బో విషయంలో సందేశానికి కొంత పట్టు దొరుకుతుంది. ఇంజిన్‌ను గట్టిగా లాగించాక వెంటనే ఆపకుండా అర నిమిషం ఐడ్లింగ్‌లో ఉంచాలన్న పాత సలహా నేటికీ మంచిదే. ఇంజిన్ వేడి హద్దు దాటితే ఈ ఏర్పాటు ఇంజిన్‌ను ఆపకుండా కంప్యూటరు చూసుకుంటుంది, కొన్ని కార్లలో ఇంజిన్ ఆగాక కూడా టర్బోకు నీళ్లు తిప్పే విద్యుత్ పంపు ఉంటుంది. అయినా నిండు కారుతో తిరుమల రెండో ఘాట్ రోడ్డెక్కి పైన ఆగేటప్పుడు నేను మాత్రం ముందే బటన్ నొక్కుతాను. అందులో పోయేదేమీ లేదు.

అమెరికా నిషేధం శుద్ధ అబద్ధం. అక్కడ ఈ ఏర్పాటు ఏనాడూ తప్పనిసరి కాదు. దాన్ని పెట్టిన కంపెనీలకు కాలుష్య లెక్కల్లో కొంత వెసులుబాటు ఇచ్చేవారు. 2025 మేలో ఆ దేశపు పర్యావరణ పరిరక్షణ సంస్థ అధిపతి లీ జెల్డిన్ ఇది జనానికి నచ్చడం లేదని, దీన్ని సరిచేస్తామని ప్రకటించారు. రాయితీని ప్రశ్నించడం వేరు, వస్తువును నిషేధించడం వేరు. మన ఫోన్లకు చేరేసరికి ఆ తేడా మాయమైంది.

"కాగితం మీద మైలేజీ కోసమే" అన్న ఆరోపణ మాత్రం సగం నిజం. మన దేశంలో మైలేజీని, కాలుష్యాన్ని కొలిచే ఎంఐడీసీ పరీక్ష 1,180 సెకన్లు సాగుతుంది. అందులో దాదాపు నాలుగో వంతు కారు కదలకుండా నిలబడి ఉండే సమయమే. ఆ నాలుగో వంతులో ఇంజిన్ ఆగితే సర్టిఫికెట్ మీద అంకె పెరగకుండా ఎలా ఉంటుంది? పైగా 2022-23 నుంచి ఒక్కో కంపెనీ అమ్మే కార్ల సగటు కార్బన్ డయాక్సైడు కిలోమీటరుకు 113 గ్రాముల దగ్గర ఉండాలన్న నిబంధన వచ్చింది కనుక ప్రతి గ్రామూ కంపెనీకి విలువైనదే. కారు స్టార్ట్ చేసిన ప్రతిసారీ ఈ ఏర్పాటు తనంతట తానే తిరిగి పనిలోకి రావడానికి కారణం కూడా ఇదే: పరీక్షలో కారు ఏ స్థితిలో నిలబడిందో అదే స్థితిలో మన చేతికి రావాలి. దీన్ని కంపెనీలు కొనేవారికి నేరుగా చెప్పవు, ఆ మేరకు సందేశం రాసినవారి చిరాకు న్యాయమే. కాని కంపెనీకి లాభమైనంత మాత్రాన మనకు నష్టమని అర్థం కాదు. మనకు ఎంత లాభమన్నది మన దారిలో ఎన్ని సిగ్నళ్లున్నాయో దాన్నిబట్టి ఉంటుంది.

సందేశం చెప్పని రెండు ఇబ్బందులు నేను చెబుతాను. మొదటిది ఏసీ. చాలా కార్లలో ఇంజిన్ ఆగితే కంప్రెసరు ఆగుతుంది, బ్లోయరు మాత్రం తిరుగుతూ ఉంటుంది. విజయవాడ బెంజి సర్కిల్ దగ్గర మే నెలలో నిలబడితే ఇరవై ముప్పై సెకన్లలోనే గాలి వెచ్చబడుతుంది, ఆ తరువాత ఇంజిన్ తనకు తానే లేస్తుంది. వెనక సీట్లో చంటిపిల్లలో పెద్దవాళ్లో ఉంటే ముందే ఆపేయడం మంచిది. రెండోది వాననీరు. రోడ్డు మీద నీళ్లు సైలెన్సర్ మూతి దాకా నిలిచినచోట ఇంజిన్ ఆగకూడదు. తిరుగుతున్న ఇంజిన్ పొగ ఒత్తిడితో నీటిని బయటికి నెడుతూ ఉంటుంది, ఆగిన ఇంజిన్‌కు ఆ రక్షణ లేదు. వర్షంలో అండర్‌పాస్ వైపు వెళ్లేముందు బటన్ నొక్కడం ఈ సందేశంలోని అన్ని సలహాల కంటే విలువైనది.

చివరిగా ఆ ప్లగ్గు. నెగటివ్ టెర్మినల్ మీద ఉండేది బ్యాటరీ సెన్సరు. బ్యాటరీలోకి ఎంత కరెంటు పోతోంది, ఎంత వస్తోంది, వోల్టేజీ ఎంత, వేడి ఎంత అన్నవి అది క్షణక్షణం కొలిచి కంప్యూటరుకు చెబుతుంది. దాన్నిబట్టే ఇంజిన్‌తో తిరిగి బ్యాటరీని నింపే ఆల్టర్నేటరు ఎప్పుడు ఎంత చార్జి చేయాలో నిర్ణయమవుతుంది. దాన్ని పీకితే సిగ్నల్ దగ్గర ఇంజిన్ ఆగడం నిలిచిపోయే మాట నిజమే. దానితోపాటు చార్జింగ్ గుడ్డిగా సాగుతుంది, డ్యాష్‌బోర్డు మీద హెచ్చరిక లైటు వెలగవచ్చు, లోపం కంప్యూటరులో నమోదవుతుంది. రేపు ఆల్టర్నేటరో బ్యాటరీయో చెడి వారంటీ అడిగితే సర్వీస్ సెంటరువారు ముందుగా చూసేది ఆ నమోదునే. బానెట్ స్విచ్చు తీగ పీకమనే మరో రకం సందేశమూ ఉంది. అది చేస్తే బానెట్ సరిగా పడకపోయినా కారు మనకు చెప్పలేదు.

వద్దనుకునేవారికి సులువైన దారులున్నాయి. గుండ్రటి బాణం మధ్య ఇంగ్లీషు మొదటి అక్షరం ఉన్న బటన్‌ను కారెక్కగానే నొక్కడం బెల్టు పెట్టుకున్నంత తేలిక. మాన్యువల్ కారులో క్లచ్ వదలకుండా ఉంటే చాలు, ఆటోమేటిక్ కార్లలో చాలావాటికి బ్రేకును తేలికగా తొక్కితే ఇంజిన్ ఆగదు. చివరిసారి నొక్కింది గుర్తుపెట్టుకునే చిన్న పరికరాలు బయట అమ్ముతున్నారు కాని, వాటిని బిగించేముందు వారంటీ పుస్తకం చదవడం మంచిది.

పక్కింటాయన కారు బానెట్ ఎత్తిన రోజున ఆ ప్లగ్గు అప్పటికే ఊడి పక్కకు వేలాడుతోంది, ఆయనే పీకారు. ఆ సాయంత్రం ఈఎఫ్‌బీ బ్యాటరీ తెచ్చి బిగించి, ప్లగ్గు తిరిగి పెట్టి, సెన్సరు కొత్త బ్యాటరీని అంచనా వేసుకోవడానికి కారుకు తాళం వేసి రాత్రంతా కదపకుండా ఉంచాం. మరునాడు పది గంటలకు అమీర్‌పేట నుంచి ఆయన ఫోన్ చేసి, "సిగ్నల్ దగ్గర మళ్లీ ఆగింది" అన్నారు, ఫిర్యాదు చేస్తున్నట్టుగా. బటన్ గేరు లివర్‌కు ఎడమ పక్కన ఉందని చెప్పాను.