టెస్టర్ వెలగనంత మాత్రాన కరెంటు లేనట్టు కాదు

"పాత కరెంటు పొయ్యి తీసేయడం పది నిమిషాల పని. గోడ మీది స్విచ్ ఆపండి, టెస్టర్ పెట్టి చూడండి, వెలగకపోతే కేబుల్ కత్తిరించి టేపు చుట్టేయండి. దీనికి ఎలక్ట్రీషియన్ ఎందుకు, డబ్బు దండగ." ఈ సలహాను ఒకరి నుంచి ఒకరు పంపుకుంటూనే ఉన్నారు. ఇక్కడ పొయ్యి అంటే ప్లగ్గు పెట్టుకునే చిన్న స్టవ్ కాదు. కింద ఓవెన్, పైన నాలుగు ప్లేట్లు ఉండి, గోడలోంచి వచ్చే కేబుల్‌కు నేరుగా బిగించినది. ఆ సలహా నమ్మి ఎవరైనా కట్టర్ పట్టుకుంటారేమోనని నాకు భయం.

స్విచ్ ఆపితే చాలా? అది ఫేజునూ (కరెంటు వచ్చే తీగ) న్యూట్రల్‌నూ (కరెంటు తిరిగి వెళ్లే తీగ) రెండింటినీ తెంపేదైతే కొంత నయం. ఒక్క తీగనే తెంపే రకమై, ఎప్పుడో ఎవరో ఆ రెండు తీగలనూ తారుమారు చేసి ఉంటే, స్విచ్ ఆపినా పొయ్యి టెర్మినల్‌లో ఫేజు అలాగే ఉంటుంది. ప్లేటు మాత్రం వేడెక్కదు, కరెంటు పోయిందనే అనుకుంటాం. కొన్ని ఇళ్లలో ఈ పొయ్యికి రెండు మూడు ఫేజులు ఇస్తారు. విడివిడి ఫ్యూజుల్లో ఒకటే తీస్తే మిగిలినవాటిలో కరెంటు ఉంటుంది. ఆపవలసింది ఇంటి మెయిన్ బోర్డులో, ఆ సర్క్యూట్ మొత్తాన్ని. మళ్లీ ఎవరూ వేయకుండా తాళం కూడా పెట్టాలి.

ఇక టెస్టర్. నాకు అన్నిటికన్నా కోపం తెప్పించేది ఈ మాటే. నియాన్ టెస్టర్ వెలగాలంటే అతి స్వల్పమైన కరెంటు మన ఒంట్లోంచి భూమికి చేరాలి. పొడి చెక్క స్టూలు మీద నిలబడితే వెలుగు మసకబారవచ్చు. కిటికీ ఎండ పడుతుంటే వెలిగినా కనబడదు. లోపలి బల్బు పాడైతే ఎప్పటికీ వెలగదు. వాడవలసింది రెండు మొనల వోల్టేజ్ టెస్టర్. ముందు కరెంటు ఉందని తెలిసిన చోట పెట్టి అది పనిచేస్తోందో లేదో చూడాలి. తరువాత పొయ్యి టెర్మినళ్ల దగ్గర ఫేజు–న్యూట్రల్, ఫేజు–ఎర్తు, న్యూట్రల్–ఎర్తు మధ్య కొలవాలి. ఫేజులు ఒకటికి మించి ఉంటే ప్రతిదాన్నీ, వాటి మధ్య కూడా. చివరగా మళ్లీ మొదటి చోటికే వెళ్లి టెస్టర్ ఇంకా పనిచేస్తోందని రూఢి చేసుకోవాలి. ఎక్కువమంది వదిలేసేది ఈ చివరి మెట్టునే.

"ఆర్‌సీడీ ఉంది, షాక్ కొట్టదు" అని కొందరు ధైర్యం చెబుతారు. ఆర్‌సీడీ అంటే కరెంటు లీకైతే సరఫరాను దానంతటదే తెంపే పరికరం. అది చూసేది భూమికి కారిపోయే కరెంటును, సాధారణంగా 30 మిల్లీఆంపియర్ల హద్దుతో. ఒక చేయి ఫేజు మీద, మరో చేయి న్యూట్రల్ మీద పడి, భూమికి ఏమీ కారకపోతే, దాని లెక్కలో మన శరీరం కూడా ఒక పొయ్యే.

టేపు సంగతి నేను కళ్లారా చూశాను. పొయ్యి ఎప్పుడో తీసేసిన ఒక వంటగదిలో, గిన్నెల స్టీలు స్టాండు వెనక గోడలోంచి కేబుల్ ముక్క వేలాడుతోంది. వేడికి జిగురు కరిగి టేపు నల్లటి బంకలా కిందికి జారింది, పైన రాగి మెరుస్తోంది. స్టాండుకూ దానికీ మధ్య జానెడు దూరం. కొలిస్తే 230 వోల్టులు. ఆ ఇంటివారికి ఆ సంగతే తెలియదు. ఆ కేబుల్‌ను బోర్డు దగ్గరే విప్పేయాలి. లేదంటే చివరలను దాని మందానికి సరిపడే కనెక్టర్లలో బిగించి, మూత ఉన్న పెట్టెలో, తెరిచి చూడగలిగేలా ఉంచాలి. గోడలోకి నెట్టి పూత వేయడమంటే ప్రమాదాన్ని తరువాత మేకు కొట్టేవాడి మీదికి తోసేయడమే.

డబ్బు దండగ అన్నదానికి జవాబు చిన్నది. తీగలు విప్పడం అయ్యాక పొయ్యిని మోసే పని మనం చేసుకోవచ్చు, ఇద్దరు మనుషులతో. విప్పడం మాత్రం ఎలక్ట్రీషియన్ పని. కొన్ని దేశాల్లో లైసెన్సు లేనివారు దాన్ని ముట్టుకోవడం చట్టవిరుద్ధం కూడా. ఆయన కట్టర్ తీసేముందు కొలతలన్నీ మీ ఎదుటే చూపించమని అడగండి.