ఏఐ మీదే నెపం వేస్తే ఎలా?

మన ఐటీ ఉద్యోగాలు ఊడటానికి ఏఐయే కారణమని మీ పత్రికలో వచ్చిన వ్యాసంలో తేల్చేశారు. నాకైతే అది సగం నిజమే అనిపిస్తోంది. మన కంపెనీలది మొదటి నుంచీ తలల లెక్కే. ప్రాజెక్టులో ఎంతమందిని కూర్చోబెడితే క్లయింటుకు అంత బిల్లు. అడుగున తక్కువ జీతానికి ఫ్రెషర్లు (కాలేజీ నుంచి అప్పుడే వచ్చినవాళ్లు), పైన కొద్దిమంది మేనేజర్లు. ఈ పిరమిడ్ నిలబడాలంటే ఏటా కింద కొత్తవాళ్లు చేరుతూనే ఉండాలి. ఇప్పుడు క్లయింట్లేమో గంటలకు కాదు, అయిన పనికే డబ్బు అంటున్నారు. టెస్టింగ్, సపోర్టు పనులు చాలావరకు ఏఐ టూల్సే చేస్తుంటే కదిలేది ఆ అడుగే కదా!

అలాగని పైవాళ్లూ క్షేమంగా లేరు. 2025 జులైలో టీసీఎస్ సుమారు 12 వేల మందిని, అంటే సిబ్బందిలో 2 శాతాన్ని తగ్గిస్తామన్నప్పుడు దెబ్బ ఎక్కువగా మధ్య, పై స్థాయుల మీదే అంది. కోడ్ రాయడం ఎప్పుడో మానేసి ఎక్సెల్ షీట్లతో నెట్టుకొస్తున్నవాళ్లు (నేనూ ఆ బాపతే) ఎక్కడికి పోవాలి?

ఫ్రెషర్ల జీతం ఊసే ఎత్తలేదు మీరు. పదిహేనేళ్ల కిందట ఏడాదికి మూడు, మూడున్నర లక్షలు. పెద్ద సర్వీసు కంపెనీల్లో ఇప్పటికీ దాదాపు అంతే. హైదరాబాద్ అద్దెలు మాత్రం ఆగాయా?

గ్లోబల్ కేపబిలిటీ సెంటర్లు, అంటే విదేశీ కంపెనీలు తమ పనుల కోసం ఇక్కడ పెట్టుకున్న సొంత ఆఫీసులు, ఆదుకుంటాయన్నారు. దేశంలో 1,700కు పైగా ఉన్నాయి, జీతాలూ మెరుగే. కానీ అవి ఎక్కువగా పని తెలిసినవాళ్లనే ఏరుకుంటాయి. మా మేనల్లుడు ఇంజినీరింగ్‌లో సీఎస్ఈ (కంప్యూటర్ సైన్స్) మూడో ఏడు. కాలేజీలో ఇంకా ల్యాబ్ రికార్డులు చేత్తో రాయిస్తున్నారట. ముందు దాని మీద రాయండి సార్.