బరంపురం పులి, మ్యూజియంలో చిత్రకారుడు

మా మేనల్లుడొకడు ఫోన్‌లో ఏదో వీడియో చూపించి "దీన్ని కూడా ఆర్ట్ అంటారా మావయ్యా, మన బరంపురం అమ్మోరి ఠాకురాణీ యాత్రలో ఇంతకంటే బాగా చేస్తారు గదా" అన్నాడు. ఆ వీడియోలో ఉన్నది నిఖిల్ చోప్రా అనే పెర్ఫార్మెన్స్ ఆర్టిస్ట్, అంటే జనం ముందు తనే వేషం కట్టి చేసే పనినే కళగా చూపించేవాడు. 2019 సెప్టెంబర్‌లో న్యూయార్క్ మెట్రోపాలిటన్ మ్యూజియంలో 9 రోజులు ఉండిపోయి, పడకా తిండీ అక్కడే పెట్టుకుని, వేషం మీద వేషం మారుస్తూ పేద్ద గుడ్డ మీద బొమ్మ గీస్తూ పోయాడు. అంతకుముందు యోగ్ రాజ్ చిత్రకార్ అని ఒక పాత్ర కట్టేవాడు, అది వాళ్ళ తాతని తల్చుకుని అల్లుకున్నది, ఆ తాత కూడా ప్రకృతి దృశ్యాలు వేసే పెయింటరే.

మావోడి మాట సగం కరెక్టే.

ఒడిశాలో ఉన్న మా బరంపురంలో రెండేళ్లకోసారి బుఢీ ఠాకురాణి అమ్మోరు పుట్టింటికొస్తుంది, ఆ పుట్టిల్లు దేశిబెహెరా వాళ్ళది, అంటే మన తెలుగు నేతగాళ్ళదే. అప్పుడు మొక్కున్నోళ్ళందరూ వేషం కడతారు. మా చిన్నాన్న పులేషం కట్టేవాడు. ముందు రోజు రాత్రే ఒంటి మీద వెంట్రుక లేకుండా గొరిగించుకుని, పొద్దున్నించి చేతులు చాపి కదలకుండా నిలబడితే పసుప్పచ్చ రంగేసి అది ఆరాక చారలు గీసేవాళ్ళు, దురదేస్తే గోక్కోకూడదు, పక్కనోడు విసనకర్రతో విసరాలి. వీధిలోకొచ్చాక ఢోలు దెబ్బకి పులి ఎగుర్తా ఉంటే మా నాయనమ్మ అరుగు మీంచి "ఒరే, ఇంటికొచ్చి రెండు ముద్దలు తినిపోరా" అని కేకేసేది. పులి తలూపేది!

తేడా ఇక్కడే ఉందనిపిస్తాది నాకు. మ్యూజియంలో జనానికి ఆ మనిషి ముందునించీ తెలీదు, అతను గెడ్డం గీసుకుని లిప్‌స్టిక్ పూసుకుంటే ఇంతకీ ఇతనెవరు అనే డౌటే వాళ్ళని అక్కడ నిలబెడతాది. మా వీధిలో పులి ఎవరి కొడుకో అందరికీ తెలుసు, అయినా కాళ్ళకి దణ్ణం పెడతారు. ఏది కష్టం అంటే, తెలిసినోళ్ళ ముందు మారడమే కష్టం అంటాను నేను. కానీ చోప్రా చేసేదాంట్లో మనకి లేనిదొకటుంది. మన వేషం ఏటో ముందే రాసిపెట్టుంటాది, పులో, శివుడో. అతనిది అలాక్కాదు, ఎవరవుతాడో తనే కల్పించుకోవాలి, మొక్కు లేదు, అడ్డంగా అమ్మోరు కూడా లేదు.

నిజానికి ఆ పని మా ఊరి పిల్లలు రోజూ చేస్తారు, ఎవరూ ఆర్ట్ అనరు గానీ. ఒకే పిల్లాడు ఇంట్లో వెంకట్, స్కూల్లో ఒడియా మేస్టారి నోట్లో బెంకట్, హైదరాబాద్‌లో ఉద్యోగానికెళ్తే "మీరు ఒరిస్సావాళ్ళా, తెలుగు బానే మాట్లాడతారే" అనిపించుకునేవాడు. దీని మీద ఒక్కడైనా పెర్ఫార్మెన్స్ కట్టాలని నా ఆశ. పులి రంగు కాదు, ఈ మూడు పేర్లూ ఒంటి మీద రాసుకుని దేశిబెహెరా వీధిలో 9 రోజులు కూర్చోమను. మొదటి మూడ్రోజులు నవ్వుతారు, పిచ్చోడంటారు. నాలుగోరోజుకి ఏ మామ్మో వచ్చి ముందర కొబ్బరికాయ కొట్టేస్తాది, అప్పుడేం చేస్తాడో మావోడు.