ఫ్లెక్సీ శిల్పశాస్త్రానికి ఒక ముసాయిదా

దేవతామూర్తిని మలచడానికి మన పెద్దలు తాళమానమనే కొలతను ఏర్పరచారు. ముఖం పొడవును ఒక తాళమన్నారు, అందులో సుమారు పన్నెండో వంతును అంగుళమన్నారు (ఇంచు కాదు); విష్ణువు, శివుడు వంటి ప్రధాన దేవతలకు ఉత్తమ దశతాళం, అంటే 124 అంగుళాలు, దేవేరులకు మధ్యమ దశతాళం, అంటే 120 అంగుళాలు విధించి, వినాయకుడికి ఐదు తాళాలతో సరిపెట్టారు. ఇంత సూక్ష్మంగా లెక్కలు కట్టిన శాస్త్రకారులు అనంతపురం సప్తగిరి సర్కిల్‌లో కట్టే జన్మదిన ఫ్లెక్సీ గురించి మాత్రం ఒక్క శ్లోకమైనా చెప్పకుండా వెళ్ళిపోవడం వల్ల, నేటి యువ చిత్రకారులు ఏ ప్రమాణమూ లేకుండా కేవలం సొంత ప్రతిభతో నెట్టుకురావలసి వస్తోంది. ఆ లోటును పూడ్చే సదుద్దేశంతో ఈ ముసాయిదాను పండితుల ముందు ఉంచుతున్నాను.

మొదట పూర్వాచారాన్ని పరిశీలించాలి. అందుకు లేపాక్షిని మించిన ఆధారం లేదు. (2022లో జిల్లాలను విడదీసినప్పుడు లేపాక్షి శ్రీసత్యసాయి జిల్లాకు వెళ్ళింది కానీ, ఫ్లెక్సీల సంస్కృతిని ఇరు జిల్లాలూ చెరిసగం పంచుకున్నాయి.) 1529 నుంచి 1542 వరకు విజయనగరాన్ని ఏలిన అచ్యుతదేవరాయల కాలంలో, పెనుకొండ కేంద్రంగా అధికారం నెరపిన విరుపణ్ణ, వీరణ్ణ అనే అన్నదమ్ములు అక్కడి వీరభద్రాలయాన్ని కట్టించారు. అర్ధమంటపం పైకప్పు నిండా వీరభద్రుడు నిలిచి ఉంటాడు. కట్టించిన అన్నదమ్ములు కూడా ఆ పైకప్పుకు ఎక్కారు. అయితే పొడవాటి కుళ్ళాయిలు ధరించి, పరివారాన్ని వెంటబెట్టుకొని, చేతులు జోడించి, విభూతి ప్రసాదం అందుకునే భక్తులుగా మాత్రమే ఎక్కారు. అంతటి అధికారులు అంత గుడి కట్టించి, అంతమంది చిత్రకారులను పోషించి, చివరికి తమ బొమ్మను దేవుడి బొమ్మకంటే చిన్నదిగా వేయించుకున్నారంటే, ఆనాటి ప్రచార విభాగం ఎంత బలహీనంగా ఉండేదో ఊహించవచ్చు.

ఫ్లెక్సీ సంప్రదాయం ఈ అన్యాయాన్ని సరిదిద్దింది. ఇప్పుడు దాత మధ్యలో ఉంటాడు, దేవుడు ఎడమ మూలన పైభాగంలో గుండ్రటి చట్రంలో ఇమిడిపోతాడు. అభయహస్తం ఇంకా దేవుడిదే అయినా, ఆ చేయి చూపుతున్న దిక్కులో కొలుస్తూ వస్తే అది సరిగ్గా నాయకుడి నెత్తి మీదికి చేరుతుంది. వీధిలో నిలబడి చూసే జనానికి అభయం ఇచ్చే బాధ్యతను నాయకుడే స్వయంగా, కుడి చేయి పైకెత్తి, నిర్వర్తిస్తాడు. దీనిని అపచారమనే ఛాందసులు కళాచరిత్ర తెలియనివారు. దాదాపు ఐదువందల ఏళ్ళుగా పైకప్పు అంచున చేతులు జోడించుకొని నిలబడినవాడు మెల్లగా నడుచుకుంటూ నడిమధ్యకు వచ్చాడు, అంతే.

ఇక మానం విషయం. ఫ్లెక్సీలో ముఖమే మూడొంతులు ఆక్రమిస్తుంది కనుక దశతాళం ఇక్కడ పనికిరాదు. దీనికి 'ఏకతాళం' అనే విభాగాన్ని ప్రతిపాదిస్తున్నాను. వస్త్రం తెల్ల చొక్కా, ఉత్తరీయం పార్టీ కండువా, ఆయుధం చెవి దగ్గర పట్టుకున్న సెల్‌ఫోన్. నల్ల కళ్ళద్దాలు మూడో కన్నును కాక మొదటి రెండింటినే కప్పుతాయి గనుక వాటిని శైవ లక్షణంగా పరిగణించరాదు. పరివార దేవతలు అడుగున వరుసలుగా, పాస్‌పోర్టు సైజులో కొలువుదీరుతారు. ఆ వరుసలో ఎవరు ఎవరి పక్కన ఉండాలన్నదే ఈ శాస్త్రంలో అత్యంత క్లిష్టమైన అధ్యాయం. ఒక పరివార దేవత తల మరో తలకంటే అర అంగుళం చిన్నదైతే ఫ్లెక్సీ కట్టిన రాత్రే పంచాయితీ మొదలవుతుంది. లేపాక్షిలో ఎర్రమన్ను, పచ్చమన్ను రంగులతో సున్నపు పూత మీద అంత పని చేసిన చిత్రకారుల పేర్లు మనకు మిగల్లేదు. ఫ్లెక్సీ వేసినవాడి పేరు, దుకాణం, ఫోన్ నంబరు కుడి మూలన భద్రంగా ఉంటాయి. ఈ ఒక్క విషయంలో మనవాళ్ళే తెలివైనవాళ్ళు.

ప్రతీకల్లో అతి ముఖ్యమైనది సింహం. రాయలసీమ ఫ్లెక్సీలో నాయకుడి వెనుక నోరు తెరిచిన సింహం తప్పనిసరి. దాని జూలు ఆయన తల చుట్టూ ప్రభామండలంగా పరుచుకుంటుంది, కోరలు సరిగ్గా నడినెత్తికి పైన ఆగుతాయి. తొమ్మిది రూపాల నరసింహుడు వెలసిన అహోబిలం మనకు ఎంతో దూరంలో లేదు కాబట్టి ఈ ప్రతీక సహజమే. అయితే అహోబిలంలోని ఉగ్రస్తంభం నుంచి దేవుడు బయటికి వచ్చాడని చెబుతారు. ఇక్కడి నరసింహుణ్ణి కరెంటు స్తంభానికి తీగలతో బిగించి కడతారు. పైగా, హిరణ్యకశిపుడు అడిగిన వరాలన్నీ ఫ్లెక్సీకి వాటంతట అవే దక్కాయి. అది నేల మీదా లేదు, ఆకాశంలోనూ లేదు, స్తంభం నడుమ ఉంది. లోపలా కాదు, బయటా కాదు. అది వేలాడే రోడ్డు అంచు మునిసిపాలిటీదని రోడ్ల శాఖ, రోడ్ల శాఖదని మునిసిపాలిటీ వాదిస్తాయి. మనిషి చేతిలో దానికి చావు లేదు, ఎందుకంటే తీసేయడానికి నిచ్చెన ఎక్కిన కార్మికుడు అడుగు వరుసలోని పేర్లు చదివి దిగివచ్చేస్తాడు. పశువుల వల్లా చావు లేదు, ఆవులకు అందేది కింది అంచు మాత్రమే. 2022 ఆగస్టులో రాష్ట్ర ప్రభుత్వం ప్లాస్టిక్ ఫ్లెక్సీలపై ప్రకటించిన నిషేధం కూడా ఈ వరాల ముందు నిలబడలేదు. చివరికి ఆషాఢపు గాలి ఒక్కటే గోళ్ళతో చీల్చినట్టు దాన్ని నిలువునా చీల్చగలదు. అందుకూ విరుగుడుగా అర్ధచంద్రాకారంలో రంధ్రాలు కోసి గాలిని సాగనంపుతున్నారు. వరాలన్నీ ఇటువైపు చేరాక, వెనుక నిలబడ్డ సింహం నాయకుడి స్వభావానికి ప్రతీకా, లేక నాయకుడి కోసమే బయలుదేరి వచ్చిందా అన్న సందేహాన్ని పండితులు తీర్చవలసి ఉంది.

ధర్మవరం పక్కన నిమ్మలకుంటలో మేకతోలును పలుచగా శుభ్రంచేసి, చిల్లులు పొడిచి, రంగులద్ది రాముణ్ణీ రావణుణ్ణీ చేసేవారు కూడా ఈ శాస్త్రానికి కొంత సాయపడగలరు. తోలుబొమ్మలాటలో రాజులూ దేవతలూ గంభీరంగా మాట్లాడుతుండగానే జుట్టుపోలిగాడు, బంగారక్క అనే హాస్యపాత్రలు తెర మీదికి దూరి అందరి గుట్టూ బయటపెడతారు. పదితలల రావణుడి పక్కనైనా వాళ్ళకు చోటుంది. వంద తలల ఫ్లెక్సీలో మాత్రం ఒక్క జుట్టుపోలిగాడైనా కనిపించడు. పక్క టీ అంగడి దగ్గర నిలబడి ఫ్లెక్సీని పైనుంచి కిందికి చదివేవారు ఆ పాత్రను ఉచితంగా పోషిస్తున్నారని కొందరు అంటున్నా, దానికి లిఖిత ఆధారం లేదు.

ముసాయిదాలో చివరి నిబంధన ఖర్చుకు సంబంధించినది. రాజు అనుమతి లేకుండా ఖజానా సొమ్మును గుడికి ఖర్చుపెట్టాడన్న అభియోగం మీద విరుపణ్ణకు కళ్ళు పీకే శిక్ష పడబోతే, అతడే తన కళ్ళు పీకి గోడకేసి కొట్టాడని లేపాక్షిలో చెబుతారు. ఆ గోడ మీది ఎర్రటి మరకలను వచ్చినవారికల్లా చూపిస్తారు. ఈ పూర్వాచారాన్ని మన్నించి, ప్రతి ఫ్లెక్సీ అడుగున దానికైన ఖర్చు, ఆ సొమ్ము వచ్చిన దారి స్పష్టమైన అక్షరాలతో రాయాలని ప్రతిపాదించాను. మిగతా అధ్యాయాలన్నిటినీ ముక్తకంఠంతో మెచ్చుకున్న దాతలు, ఈ నిబంధన మాత్రం హిందూ శిల్పసంప్రదాయానికి పూర్తిగా విరుద్ధమని అభిప్రాయపడ్డారు.