ఎవరి ఎడమ?

హుస్సేన్‌సాగర్‌లో పడవలు నడిపే మా రోయింగ్ క్లబ్బు సావనీర్ వేస్తోంది. క్లబ్బు చరిత్ర నన్ను రాయమన్నారు. పాత రికార్డులేవని అడిగితే సెక్రటరీ గారు ఒక బీరువా చూపించారు. తాళంచెవి లేదు. "ముందు ఒకసారి పడవెక్కండి సార్, చరిత్ర దానంతట అదే వస్తుంది" అన్నారు. ఆదివారం పొద్దున్నే ఆరింటికి రమ్మని, తొమ్మిదిన్నరకి ఎక్కించారు.

ఇద్దరు కూర్చునే రేసు పడవ. పొడవు పది మీటర్లు, బరువు ముప్ఫై కిలోలు కూడా ఉండదు. నేను ఎనభై నాలుగు. నా వెనకాల ఇంటర్ చదివే కుర్రాడు, "అంకుల్, భయపడకండి" అంటూ.

ఈ ఆటలో వెళ్లే వైపు వీపు పెట్టి కూర్చోవాలి. సీటు చక్రాల మీద జారుతుంటుంది. పాదాలు పడవకి బిగించిన బూట్లలో. రెండు తెడ్ల పిడులూ మధ్యలో ఒకదాని మీద ఒకటి వస్తాయి కాబట్టి ప్రతి లాగుడుకీ ఎడమచేతి గోళ్లు కుడిచేతి కణుపుల్ని గీరేస్తున్నాయి.

ఒడ్డు మీంచి కోచ్ గారు మైకులో, "ఎడమ లాగండి!"

లాగాను.

"అది కుడి సార్!"

ఎడమ, కుడి పడవవేనట, మనిషివి కావట. పడవ ముక్కు అటు, నా ముక్కు ఇటు. కాబట్టి నా ఎడమ పడవకి కుడి. సరే, ఒప్పుకున్నాను. కానీ నాలాంటి వాళ్లు తికమకపడతారని ఆయన మధ్యమధ్యలో దయతలచి నా ఎడమే చెబుతున్నారు. ఎప్పుడు దయతలచారో మైకులో తెలియదు. పోనీ అని చెయ్యి చాపి చూపించారు. నాకు ఎదురుగా ఉన్నారు కదా, అది మూడో ఎడమ. ఇంతలో బుద్ధుడి దగ్గరికి వెళ్లే లాంచీ పక్కకొచ్చింది. అందులోంచి ఒక పెద్దాయన, "నాయనా, ఎడం తెడ్డు వెయ్యి!" అన్నాడు. మిగతావాళ్లంతా సెల్‌ఫోన్లు తీశారు.

పడవ ఉన్నచోటే తిరుగుతోంది. బుద్ధుడు, సెక్రటేరియట్, ట్యాంక్‌బండ్, మళ్లీ బుద్ధుడు. 1990లో ఆ విగ్రహాన్ని బార్జి మీద తీసుకెళ్తుంటే ఈ నీళ్లలోనే మునిగింది. 1992 దాకా అడుగునే ఉంది. ఆ రోజు మనుషులు పోయారు, దాని మీద జోకులు వెయ్యను. కానీ తిరుగుతున్నంతసేపూ నాకు వేరే ఏ చరిత్రా గుర్తుకు రాలేదు. 1562లో ఈ చెరువు కట్టించిన హుస్సేన్ షా వలీ కూడా.

అప్పుడే నా తెడ్డు గుర్రపుడెక్కలో చిక్కుకుంది. పిడి వచ్చి పొట్టలో పొడిచింది.

ఆ నీళ్ల రుచి హైదరాబాదు వాళ్లకి వర్ణించక్కర్లేదు. మడమ దగ్గర కట్టిన తాడు పుణ్యమా అని కాళ్లు బూట్లలోంచి ఊడొచ్చాయి. కుర్రాడు మాత్రం తల కూడా తడవకుండా పడవ పట్టుకుని, "అంకుల్, మీరు కుడి లాగారు" అన్నాడు.

ఒడ్డెక్కాక డిపాజిట్ అయిదొందలు అడిగాను. లైఫ్ జాకెట్‌కి విజిల్ లేదట, అందుకని పట్టుకున్నారు. ఇచ్చినప్పుడే లేదయ్యా అంటే, రిజిస్టర్‌లో ఉన్నట్టు రాసి ఉంది సార్ అంటాడు గుమాస్తా. అంటే ఈ క్లబ్బులో రికార్డులు ఉన్నాయన్నమాట.