దెయ్యాన్ని చూసి నవ్వాలంటే ముందు భయం వేయాలి

హారర్ కామెడీ పేరుతో వచ్చే తెలుగు సినిమాల్లో ఎక్కువ భాగం నిజానికి రెండు వేర్వేరు సినిమాల అతుకు. మొదటి సగంలో హాస్యనటులు ఒకరినొకరు తిట్టుకుంటూ, చెంపదెబ్బలు తింటూ కాలక్షేపం చేస్తారు. విరామం దాటగానే తెల్లచీర, విరబోసుకున్న జుట్టు, ఎప్పుడో జరిగిన ఘోరం, దాని తాలూకు పగ వరుసగా వచ్చి కూర్చుంటాయి. నవ్వు వచ్చే చోట భయం ఉండదు, భయం వేయాల్సిన చోట నవ్వు ఉండదు. ఈ కోవకు చెందని సినిమాలు కొన్ని ఉన్నాయి. వాటిలో నవ్వు భయంలోంచే పుడుతుంది; కథలోంచి దెయ్యాన్ని తీసేస్తే హాస్యం కూడా దానితోపాటే పోతుంది. వారాంతంలో ఇంటిల్లిపాదీ కూర్చుని చూడదగ్గ హారర్ కామెడీ ఏదని ఎవరైనా అడిగితే, అందులో నటులెవరు, ఎంత వసూలు చేసింది అనే లెక్కలకంటే ముందు ఈ ఒక్క పరీక్ష పెట్టి చూడటం మేలు.

ఈ రకం హాస్యం మనకు ఈమధ్య దిగుమతి అయినదేమీ కాదు. 1957 నాటి ‘మాయాబజార్’ను హారర్ కామెడీ అని ఎవరూ అనరు, అనకూడదు కూడా. అయితే ఘటోత్కచుడు శశిరేఖ రూపంలో పెళ్లింట తిరిగే ఘట్టాలను ఒకసారి ఈ దృష్టితో చూడండి. కనిపించేది సావిత్రి, నడక, చూపు, గద్దింపు మాత్రం ఎస్వీ రంగారావువి. ఎవరూ లేనప్పుడు మీసం మెలేసే రాక్షసుడి ధోరణి, ఎవరైనా రాగానే తలవంచుకునే పెళ్లికూతురి ఒద్దిక. పెళ్లిపీటల మీద ఆమె కాలు తొక్కినప్పుడు లక్ష్మణకుమారుడి పాత్రలో రేలంగి ముఖాన కనిపించేది అచ్చమైన భయమే. పక్కవాళ్లకు చెబితే నమ్మరు, చెప్పకుండా ఓర్చుకోవడం అతని వల్ల కాదు. ఆ భయం ఎంత నిజంగా ఉంటే మనకు అంత నవ్వు వస్తుంది. మరో ఆత్మ ఆవహించిన కథానాయికను అడ్డం పెట్టుకుని తర్వాతి కాలంలో తీసిన హాస్యచిత్రాలన్నీ, తెలిసో తెలియకో, ఈ ఘట్టానికి రుణపడి ఉన్నాయి. వాటిలో చాలా వాటికి రేలంగి లాంటి బాధితుడు దొరకలేదు, అది వేరే సంగతి.

ఆధునిక కాలంలో దక్షిణాదిన ఈ ధోరణికి పునాది వేసిన చిత్రం 1993లో మలయాళంలో ఫాజిల్ తీసిన ‘మణిచిత్రతాళు’. శోభనకు జాతీయ ఉత్తమ నటి పురస్కారం తెచ్చిన ఈ కథే రజనీకాంత్ ‘చంద్రముఖి’గా 2005లో మన ముందుకు వచ్చింది. ‘చంద్రముఖి’లో వడివేలు వణుకు ఈనాటికీ నవ్విస్తుందనడంలో సందేహం లేదు కానీ, వీలైనవారు మూలాన్ని కూడా చూడాలని నా సూచన. అక్కడ కథానాయకుడికి పరిచయ పోరాటాలు ఉండవు. పాత భవంతిలో చేరిన బంధువర్గం మొత్తం ఒకరి భయాన్ని మరొకరికి అంటించుకుంటూ తిరుగుతుంది. హాస్యం ఆ ఇంటి గోడల మధ్యే తిరిగి, చివరికి అదే ఇంట్లో విషాదంగా మారుతుంది.

తెలుగులో ఈ తరహా సినిమాల వరవడిని మార్చింది 2013లో వచ్చిన ‘ప్రేమ కథా చిత్రమ్’. మారుతి కథ అందించగా, ఛాయాగ్రాహకుడు జె. ప్రభాకర్ రెడ్డి దర్శకత్వం వహించిన ఈ సినిమాలో సుధీర్ బాబు, నందిత ప్రధాన పాత్రధారులు. చావాలని నిశ్చయించుకుని ఊరికి దూరంగా ఉన్న ఇంటికి చేరిన మిత్రబృందం, అక్కడ దెయ్యం ఎదురుపడగానే ప్రాణాల కోసం పరుగులు పెట్టడమే ఇందులోని అసలు చమత్కారం. చావడానికే వచ్చినవాడు దెయ్యానికి ఎందుకు భయపడాలి అనే ప్రశ్న ఒక్కటే చాలు, సగం సినిమా నడిచిపోతుంది. సప్తగిరికి, ప్రవీణ్‌కు ఈ సినిమా పెద్ద మలుపు. తమిళ, కన్నడ భాషల్లోకి కూడా ఈ కథ వెళ్లింది.

దీని విజయం వెనుక నిర్మాతలకు నచ్చిన మరో సంగతి ఉంది. ఒకే ఇల్లు, అరడజను మంది నటులు, ఎక్కువగా రాత్రి చిత్రీకరణ. పెద్ద తారల పారితోషికాలు లేవు, విదేశీ పాటలు లేవు. ఆ మరుసటి ఏడాది అంజలి నటించిన ‘గీతాంజలి’, 2015లో ఓంకార్ దర్శకత్వంలో ‘రాజు గారి గది’ వచ్చి ఈ లెక్క నిజమేనని రుజువు చేశాయి. దెయ్యాల బంగళాలో గడిపి గెలిచినవారికి కోట్ల బహుమతి ఇచ్చే టీవీ పోటీ అనే ఆలోచన ‘రాజు గారి గది’కి సొంతం, అదే దాని బలం కూడా. తర్వాతి భాగాలకు వచ్చేసరికి ఆ సొంతదనం పోయింది. రెండో భాగం మలయాళ ‘ప్రేతం’ నుంచి, మూడో భాగం తమిళ ‘దిల్లుకు దుడ్డు 2’ నుంచి కథలు తెచ్చుకున్నాయి. చిన్న ఖర్చుతో తీయగలగడం ఈ తరహా సినిమాలకు వరమే. ఇల్లు దొరికితే చాలు, కథ ఎలాగో దొరుకుతుందిలే అనే ధీమా కూడా అక్కడి నుంచే వచ్చింది.

కథ కుదరాలంటే దెయ్యానికి కొన్ని నియమాలు ఉండాలి. అది ఎప్పుడు వస్తుంది, ఎవరిని పట్టుకుంటుంది, దేనికి ఆగుతుంది అన్నది ప్రేక్షకుడికి ముందే తెలియాలి. అప్పుడే పాత్ర చేసే పొరపాటు మనకు ముందుగా కనబడి నవ్వు వస్తుంది. తెలుగులో ఈ సూత్రాన్ని అందరికంటే శ్రద్ధగా పాటించిన చిత్రం 2017లో మహి వి. రాఘవ్ తీసిన ‘ఆనందో బ్రహ్మ’. ఇందులో నియమాలు దెయ్యాలకే కాకుండా మనుషులకు కూడా ఉన్నాయి. ఇల్లు అమ్ముడుపోవాలంటే అక్కడ దెయ్యాలు లేవని నిరూపించాలి. ఆ పనికి నలుగురు ఒప్పుకుంటారు, నలుగురికీ తలా ఒక లోపం. వెన్నెల కిశోర్ పాత్రకు చెవుడు, దానికితోడు రేచీకటి. తాగుబోతు రమేష్ పాత్రకు తాగాక ఏం జరిగిందో తెలియదు. శ్రీనివాసరెడ్డి పాత్ర భయాన్ని నవ్వుతో కప్పిపుచ్చుకుంటుంది. షకలక శంకర్ పాత్రకు సినిమా పిచ్చి.

ఇక దెయ్యం ఏం చేయాలి? కనబడి భయపెట్టాలంటే వెన్నెల కిశోర్ పాత్రకు కనబడదు, అరిచి భయపెట్టాలంటే వినబడదు. ఎదురుగా నిలబడి సర్వశక్తులూ ఒడ్డుతున్న దెయ్యాన్ని గాలిలో తడుముకుంటూ దాటిపోయే వెన్నెల కిశోర్ దృశ్యంలో, ఓడిపోయిన నటుడిలా చిన్నబోయేది దెయ్యమే. మనుషులకు దెయ్యాలు భయపడటం అనే తలకిందుల ఆలోచనను ఒక్క హాస్య సంభాషణతో సరిపెట్టకుండా, దృశ్యం తర్వాత దృశ్యంగా పెంచుకుంటూ పోవడం ఈ రచనలోని గొప్పతనం. దెయ్యాల వెనుక కథ మొదలయ్యాక వేగం తగ్గిన మాట నిజమే. అయినా తెలుగు హారర్ కామెడీల్లో మొదట చూడాల్సింది ఏదంటే నేను దీని పేరే చెబుతాను. తాప్సీ లాంటి పేరున్న నటిని పెట్టుకుని కూడా, కథను నలుగురు హాస్యనటుల భుజాల మీద వదిలేయడానికి దర్శకుడు చూపిన ధైర్యం సామాన్యమైనది కాదు.

నియమాల సంగతి వచ్చాక 2018 నాటి హిందీ చిత్రం ‘స్త్రీ’ని తప్పించుకోలేం. దర్శకుడు అమర్ కౌశిక్ అయినా, కథ అందించిన రాజ్ నిడిమోరు, కృష్ణ డీకే చిత్తూరు జిల్లా వారే. తిరుపతిలోని ఎస్వీ విశ్వవిద్యాలయ ఇంజినీరింగ్ కళాశాలలో చదువుకున్నవారు. కన్నడ నాట ‘నాళె బా’ అని, మన ఊళ్లలో ‘ఓ స్త్రీ రేపు రా’ అని తలుపుల మీద, గోడల మీద రాసుకున్న కాలం నడివయసు దాటినవారిలో చాలామందికి గుర్తుండే ఉంటుంది. పిల్లలు రాత్రి ఆ తలుపు వైపు చూడటానికే జంకేవారు, పెద్దలు మాత్రం నమ్మకపోయినా రాసి ఉంచేవారు. ఆ జ్ఞాపకాన్ని మధ్యప్రదేశ్‌లోని చందేరీకి తరలించి, ఈ సినిమా ఒక ప్రశ్న వేసుకుంది: గోడ మీద రాసినదాన్ని చదివి వెనక్కి వెళ్లిపోయే దెయ్యం ఎలాంటిదై ఉండాలి? చదువుకున్నదై ఉండాలి, చెప్పిన మాట వినేదై ఉండాలి. ఊళ్లోని మగవాళ్లకంటే మర్యాద తెలిసినదై ఉండాలి.

ఈ తర్కం నుంచే సినిమాలోని హాస్యం మొత్తం పుట్టింది. చందేరీలో పూజ జరిగే నాలుగు రాత్రులూ దెయ్యం మగవాళ్లనే ఎత్తుకుపోతుంది కాబట్టి, చీకటి పడ్డాక ఒంటరిగా తిరగొద్దు, ఎవరు పిలిచినా వెనక్కి తిరగొద్దు అనే జాగ్రత్తలన్నీ ఈసారి మగవాళ్లకు వర్తిస్తాయి. ఆడపిల్లలు ఏళ్ల తరబడి వింటున్న మాటలు మగవాళ్ల చెవిన పడేసరికి ఎంత వింతగా ఉంటాయో చెప్పడానికి దర్శకుడికి ఒక్క ఉపన్యాసం కూడా అవసరం కాలేదు. స్త్రీ గురించి సర్వం తెలిసినట్టు గంభీరంగా చెప్పుకుపోయే రుద్ర పాత్రలో పంకజ్ త్రిపాఠీని చూడటం ఒక్కటే ఈ సినిమాకు పెట్టిన సమయానికి సరిపోతుంది. 2024లో వచ్చిన రెండో భాగం పెద్ద హంగులతో, తలలేని రాక్షసుడితో నిండిపోయింది. సందడి పెరిగింది కానీ మొదటి భాగంలోని ఆ సన్నని తర్కం పలచబడింది. పిల్లలతో చూసేవారికి దానికంటే అదే ఏడాది వచ్చిన, కొంకణ తీరపు జానపద నమ్మకం మీద అల్లిన ‘ముంజ్యా’ నయం.

మళ్లీ తెలుగుకు వస్తే, ఈమధ్య వచ్చినవాటిలో సొంత ఆలోచన ఉన్న చిత్రం 2025 నాటి ‘శుభం’. సమంత తన సంస్థ తరఫున నిర్మించగా ప్రవీణ్ కండ్రేగుల దర్శకత్వం వహించిన ఈ కథ భీమునిపట్నంలో, కేబుల్ టీవీ రాజ్యమేలిన రోజుల్లో జరుగుతుంది. రాత్రి సీరియల్ వేళ కాగానే కొత్త పెళ్లికూతురు మంచం దిగి వెళ్లి టీవీ ముందు కూర్చుంటుంది. కళ్లార్పదు, పలకదు, అడ్డం వస్తే మాత్రం ఊరుకోదు. సీరియల్ నడిచేటప్పుడు రిమోట్ జోలికి వెళ్లకూడదని ప్రతి తెలుగింట తెలిసిన సంగతే కనుక, ఈ దెయ్యానికి విడిగా పరిచయం అక్కర్లేదు. పెళ్లాన్ని అదుపులో పెట్టుకోవడమే మగతనమని మిత్రుల దగ్గర నేర్చుకున్న కేబుల్ ఆపరేటర్‌కు ఆ అదుపు మొదటి రాత్రే చేజారడం కథకు మరో పొర. రెండో సగంలో కథ అక్కడక్కడే తిరిగినా, ఇందులోని భయం మన హాలులోంచి వచ్చిందే.

2021లో ప్రశాంత్ వర్మ తీసిన ‘జాంబీ రెడ్డి’కి కూడా ఇలాంటి స్థానికతే ప్రాణం. స్నేహితుడి పెళ్లి కోసం కర్నూలు సీమకు వెళ్లిన కుర్రాళ్లు ఫ్యాక్షన్ కక్షల మధ్య ఇరుక్కున్నాక, జాంబీలు కూడా తోడవుతాయి. వేటకొడవళ్లు ఇంట్లో సిద్ధంగా ఉన్నవారి మీదికి జాంబీలు వస్తే ఏమవుతుందన్న ఊహ తెలుగువాడికి తప్ప తట్టదు. 2024 నాటి ‘ఓం భీమ్ బుష్’ మాత్రం మొదట నన్ను అంతగా ఆకట్టుకోలేదు. శ్రీవిష్ణు, ప్రియదర్శి, రాహుల్ రామకృష్ణ శాస్త్రవేత్తల వేషంలో భైరవపురంలో చేసే అల్లరి సరదాగానే ఉన్నా, ఆ హాస్యానికి దెయ్యంతో పని లేదు. సంపంగి మహల్ లోపలికి అడుగుపెట్టాక గానీ అసలు సినిమా మొదలుకాదు. అక్కడ ఆ ఆత్మ గతం బయటపడే తీరులో ఎగతాళి లేకపోవడం మాత్రం మెచ్చుకోదగ్గది.

ఎగతాళి మాట ఎందుకంటే, ఈ తరహా సినిమాలకు పట్టిన పెద్ద జబ్బు అదే. భయపెట్టడం కష్టమైనప్పుడల్లా రచయితలు లావుగా ఉన్నవారి మీద, నల్లగా ఉన్నవారి మీద, ఆడవేషం కట్టిన మగవాళ్ల మీద పడతారు. లారెన్స్ ‘కాంచన’లో ఈ జబ్బూ ఉంది, దానికి విరుగుడూ ఉంది, 2011లో వచ్చిన ఆ సినిమాను మళ్లీ చూసినప్పుడల్లా ఇదే అనిపిస్తుంది. అంత పెద్దవాడైన కథానాయకుడు రాత్రయితే అమ్మ తోడు కోరడం, ఆ అమ్మగా కోవై సరళ విసుక్కుంటూనే తానూ వణికిపోవడం ఇప్పటికీ నవ్వు తెప్పిస్తాయి. మొదటి సగంలో ట్రాన్స్‌జెండర్ నడకను అనుకరించి నవ్వించబోయిన చోట్ల ఇబ్బందిగా ఉంటుంది. శరత్ కుమార్ కాంచనగా తెరమీదికి వచ్చి, పేదల ఆసుపత్రి కోసం కొన్న స్థలాన్ని లాక్కుని తనను చంపినవారి కథ చెప్పేసరికి, అంతకుముందు నవ్వినవారే మౌనంగా కూర్చుంటారు. ఆ గౌరవం తర్వాతి భాగాల్లో నిలవలేదు. అరుపులు, వేషాలు మిగిలాయి. మొదటి దానితో ఆపేస్తే నష్టమేమీ లేదు.

రక్తం, గజ్జెల చప్పుడు, మాంత్రికుడు ఏవీ వద్దనుకునేవారికి 2023 నాటి మలయాళ చిత్రం ‘రోమాంచం’ ఉంది. జితు మాధవన్ తీసిన ఈ కథ 2007 నాటి బెంగళూరులో ఒక అద్దె ఇంట్లో ఉండే బ్రహ్మచారులది. చేతిలో డబ్బు లేదు, చేయడానికి పెద్దగా పని లేదు. ఒకడు క్యారమ్ బోర్డును తిరగేసి ఆత్మలను పిలిచే బల్లగా మారుస్తాడు. మొదట ఒకరినొకరు ఆటపట్టించుకోవడానికి మొదలైన వ్యవహారం, గ్లాసు కదిలింది తమలో ఎవరి వేలి వల్లనో తెలియని స్థితికి చేరుతుంది. దెయ్యం ఉందా లేదా అని సినిమా తేల్చదు, తేల్చాల్సిన పనీ పెట్టుకోదు. ఎవరికి వారు భయం లేనట్టు నటిస్తూ, పడుకునే వేళకు మాత్రం ఎవరూ గోడ పక్కన చోటు వదులుకోని ఆ గది ఉద్యోగాల వేటలో అమీర్‌పేట హాస్టళ్లలోనో, బెంగళూరు అద్దె గదుల్లోనో గడిపినవారికి కొత్తేమీ కాదు. డబ్బింగ్‌లో కంటే మలయాళంలోనే, కింద అక్షరాలు చదువుకుంటూ చూడటం మంచిది. ఆ కుర్రాళ్ల వెటకారంలో సగం గొంతుల్లోనే ఉంది.