ఒక్క తుమ్ముతో చిరంజీవి

నటులన్నాక వయసు మీద పడుతుంది, డేట్లు కుదరవు, పారితోషికం దగ్గర పేచీలొస్తాయి. ఈ బాధలేవీ లేని నటవర్గం ఒకటుంది: పాత దృశ్యాల్లో కనిపించే మనుషులు. సినిమాల వివరాలిచ్చే వెబ్‌సైట్ ఐఎమ్‌డీబీ వీరి పేరు పక్కన ‘ఆర్కైవ్ ఫుటేజ్’ అని రాస్తుంది. టీవీ న్యూస్ వాళ్లు ‘ఫైల్ విజువల్స్’ అని మూలకు చిన్న అక్షరాలు వేసి ఊరుకుంటారు. జీవన సాఫల్య పురస్కారాలిచ్చే పెద్దలకు వీరింకా ఆనడం లేదు. కొందరి సాఫల్యం జీవనం ముగిశాకే మొదలవుతుంది కాబట్టి, నిబంధనలు అడ్డొస్తున్నాయేమో.

వీరి ఆదిగురువు ఫ్రెడ్ ఆట్. అమెరికాలో ఎడిసన్ దగ్గర ఉద్యోగి. 1894 జనవరిలో ఎడిసన్ సహాయకుడు డిక్సన్ సినిమా తీయిస్తుంటే, చిటికెడు ముక్కుపొడి పీల్చి తుమ్మాడు. కథ, మలుపు, పతాక సన్నివేశం అన్నీ అదే. నిడివి ఐదు సెకన్లు. అమెరికాలో కాపీరైట్ నమోదై ఈనాటికీ మిగిలిన సినిమాల్లో అన్నిటికన్నా పాతది ఈ తుమ్మే. 2015లో దీన్ని జాతీయ చలనచిత్ర జాబితాలోకి కూడా ఎక్కించారు. ఆట్ 1936లో పోయాడు. తుమ్ముకు మాత్రం సెలవు దొరకలేదు. సినిమా పుట్టుక మీద ఎవరు డాక్యుమెంటరీ తలపెట్టినా ఆయన మళ్లీ తుమ్మాల్సిందే. పైగా అప్పట్లో హార్పర్స్ వీక్లీ పత్రికలో అచ్చయిన ఫ్రేములన్నీ పేర్చి చూస్తే, రెండోసారి కూడా తుమ్మాడని తేలింది. తాను పోయిన ఎన్నో దశాబ్దాలకు పాత్ర నిడివి పెరిగిన నటుడు ఇంకెవరున్నారు?

ఆయనకన్నా సీనియర్ సారా విట్లీ. 1888 అక్టోబర్ 14న, ఇంగ్లండ్‌లోని రౌండ్‌హే తోటలో, అల్లుడు లూయీ లె ప్రిన్స్ కెమెరా పెడితే అత్తగారు వెనక్కి వెనక్కి అడుగులేసింది. రెండు సెకన్ల పైచిలుకు సినిమా. పదిరోజులకే ఆవిడ కన్నుమూసింది. 1890లో రైలెక్కిన అల్లుడు మళ్లీ ఎవరికీ కనిపించలేదు. అత్తగారు మాత్రం ఈనాటికీ కనిపిస్తూనే ఉంది. అల్లుళ్లు గమనించాలి.

ఇక డబ్బు సంగతి. పాత క్లిప్పును సాధారణంగా సెకన్ల లెక్కన అమ్ముతారు. ఆ సొమ్ము దృశ్యం ఎవరి బీరువాలో ఉందో వారిది; అందులో చెయ్యూపుతున్న మనిషిది కాదు. ఆ మనిషి బతికే ఉంటే టీవీలో తన నల్లజుట్టును తనే చూసుకుని మురిసిపోవాలి, అంతే. ఇది దోపిడీ అని కొందరంటారు. నేనొప్పుకోను. రిహార్సల్ లేదు, మేకప్ లేదు, పాత్ర నచ్చలేదని మొహం చిట్లించే అవకాశం అసలే లేదు. నిర్మాత కోరుకునే క్రమశిక్షణ ఇదే కదా!

ఒకరు ఏనాడో ఒక పోటీ కార్యక్రమంలో మూడో రౌండులో ఏడ్చారనుకోండి. ‘ఆ దశాబ్దం’ గురించి ఎవరు ఏం తీసినా ఆ ఏడుపే వేస్తారు. తర్వాత ఆయన ఎన్నిసార్లు నవ్వాడో ఎవరికి కావాలి? ఆర్కైవ్‌లో ఉన్నది ఏడుపు. పాత్రకు న్యాయం చేశారు, ఇక మార్చడానికి వీల్లేదు.

ఈ రంగంలో నాకూ కొంత ప్రవేశముంది. ఒక ప్రముఖుడు మైకుల ముందు మాట్లాడుతుండగా, వెనక నుంచి ఆవలిస్తూ నడిచి వెళ్లాను. మూడు సెకన్లు, స్పష్టమైన ఆవలింత. ఆయనకు ఏమీ కాకూడదనే నా కోరిక. కాకపోతే, ఒంట్లో ఎలా ఉందని ఈమధ్య తరచుగా వాకబు చేస్తున్నాను.